రామప్ప గుడిని కొలిచి గీసిన పని: నా అనుభవం

రామప్ప గుడి రంగమండపంలో, అంటే గర్భగుడి ముందున్న పెద్ద మండపంలో, నేల సమంగా ఉండదు. చెప్పులు విప్పి నాలుగడుగులు వేస్తే అరికాలికే తెలుస్తుంది. ఒక బండ లేచి ఉంటుంది, పక్క బండ దిగి ఉంటుంది. కొన్ని స్తంభాలు ఒరిగాయి, కొన్ని దూలాలు పగుళ్లిచ్చాయి. అయినా ఆ గుడి ప్లాన్ అంటూ చేతులు మారే బొమ్మల్లో చాలావరకు మండపం గళ్ల నోటుబుక్కులో గీసినట్టు నిటారుగా, నలుపలకలుగా కనిపిస్తుంది. నలుగురం కలిసి ఆ గుడిని కొలిచి గీసే పనికి పూనుకున్నప్పుడు ముందే ఒక నియమం పెట్టుకున్నాం. ఈ రోజు రాయి ఎక్కడ ఉందో గీత అక్కడే పడాలి. శిల్పి మనసులో ఉన్న గుడిని ఊహించి గీయడం తర్వాత ఎప్పుడైనా చేసుకోవచ్చు. ఇప్పుడున్న గుడిని గీయకపోతే, రేపు ఇంకో బండ కుంగినప్పుడు అది ఎంత కుంగిందో చెప్పడానికి ఆధారమే ఉండదు.

గుడి గురించి క్లుప్తంగా. ములుగు జిల్లా వెంకటాపూర్ మండలం పాలంపేటలో, రామప్ప చెరువుకు దగ్గరలో ఉంది. కాకతీయ గణపతిదేవుడి సేనాని రేచర్ల రుద్రుడు కట్టించాడు. శాసనంలో దేవుడి పేరు రుద్రేశ్వరుడు, జనం రామలింగేశ్వరుడు అంటారు. రామప్ప అన్నది గుడిని చెక్కిన శిల్పి పేరని తరతరాలుగా చెప్పుకుంటున్నారు. 2021 జులై 25న యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది. ప్రధానాలయం తూర్పు ముఖంగా, ఆరడుగుల ఎత్తున్న నక్షత్రాకారపు ఉపపీఠం (రాతి అరుగు) మీద నిలబడి ఉంటుంది. గర్భగుడి, దాని ముందు చిన్న గది అంతరాళం, రంగమండపం, మండపానికి తూర్పు, ఉత్తరం, దక్షిణం దిక్కుల్లో మూడు ముఖమండపాలు. గోడల్లో ఎక్కువ భాగం ఎర్రటి ఇసుకరాయి. మదనికలు (చూరు కింది స్త్రీ శిల్పాలు), లోపలి నాలుగు స్తంభాలు, ద్వారబంధం అద్దంలా మెరిసే నల్లటి డోలరైట్. పైన విమానం, అంటే గర్భగుడి మీది గోపురం, ఇటుకలది. ఆవరణలోనే కాటేశ్వర, కామేశ్వర ఆలయాలు, నంది, విడిగా శాసన స్తంభం ఉన్నాయి.

అనుమతి సంగతి ముందు చెప్పాలి. ఇది కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్న కట్టడం. టేపు, కెమెరా స్టాండు తీసుకుని నేరుగా వెళ్తే ఆపేస్తారు, ఆపాలి కూడా. హైదరాబాద్ సర్కిల్ కార్యాలయానికి రాతపూర్వకంగా దరఖాస్తు పెట్టాలి. ఎవరెవరు వస్తారు, ఎన్ని రోజులు, ఏ పరికరాలు, గీసిన బొమ్మలు దేనికి, ఇవన్నీ రాయాలి. ‘సర్వే’ అని ఒక్క మాట రాసి వదిలేస్తే ఎన్నో ప్రశ్నలు తిరిగి వస్తాయి. రాయికి మేకు కొట్టం, సుద్దముక్కతో గుర్తు పెట్టం, జిగురు టేపు అంటించం, విగ్రహాలకు ఆనించి నిచ్చెన వేయం అని మేం దరఖాస్తులోనే రాశాం. జిగురు టేపు వల్ల ఏం నష్టం అనిపిస్తుంది గాని, పొరలు లేచిన ఇసుకరాయి మీద దాన్ని అంటించి లాగితే రాయి పొర దానితోపాటే ఊడి వస్తుంది. గుర్తు కావాల్సిన చోట చిన్న కాగితం ముక్క పెట్టి, దాని మీద ఇసుక నింపిన గుడ్డసంచి పెట్టాం. సాయంత్రం తీసేస్తే ఏ ఆనవాలూ మిగలదు.

నవంబరు నుంచి జనవరి దాకా ఈ పనికి మంచి కాలం. ఎండాకాలంలో ఉపపీఠం మీద ఉత్త కాళ్లతో పది గంటల తర్వాత నిలబడలేం. శివరాత్రి రోజుల్లో అసలు వెళ్లకూడదు. పూజలు జరిగే గుడి ఇది, మన పని భక్తులకు అడ్డం రాకూడదు. గర్భగుడి లోపలికి మేం వెళ్లలేదు. అభిషేకాలు అయ్యాక పూజారి గారిని అడిగి గడప దగ్గర నుంచే లేజర్ కొలతలు తీసుకున్నాం. ఆయన ఎదుటి గోడ దగ్గర తెల్ల కార్డు పట్టుకున్నారు.

మొదటి రోజంతా టేపు బయటికి తీయలేదు. గళ్ల పుస్తకంలో చేత్తో ప్లాన్ గీసుకుంటూ తిరగడమే. ఎక్కడ గోడ మలుపు తిరుగుతోంది, ఎక్కడ స్తంభం కక్షాసనం (మండపం అంచున కూర్చునే రాతి అరుగు) మీద నిలబడింది, ఎక్కడ నేల నుంచి లేచింది, అన్నీ కంటితోనే. స్తంభాలకు అడ్డం వరుసల్లో అ, ఆ, ఇ, ఈ అని, నిలువు వరుసల్లో 1, 2, 3 అని పేర్లు పెట్టాం. ‘ఇ3’ అంటే ఏ స్తంభమో నలుగురికీ తెలియాలి. ఈ పేర్లు మొదటి రోజే స్థిరపడకపోతే మూడో రోజుకి ఒకే స్తంభానికి రెండు పేర్లు, రెండు స్తంభాలకు ఒకే పేరు వస్తాయి. పుస్తకాలు సరిచూసేటప్పుడు ఆ చిక్కుముడి విప్పడం కష్టం.

తర్వాత ఆధారరేఖ. గర్భగుడి గడప మధ్య నుంచి తూర్పుగా, నంది వైపు, ఒక దారం లాగి కట్టాం. దానికి లంబంగా మండపంలో ఇంకో దారం. మూలమట్టం పెట్టి చూస్తే పొట్టి దూరానికే సరిపోతుంది, అందుకని మేస్త్రీలు వాడే 3-4-5 లెక్కనే పెద్దది చేసి 6 మీటర్లు, 8 మీటర్లు, ఐమూలగా 10 మీటర్లు వాడాం. ఐమూల కొలత 10 మీటర్లకు 5 మిల్లీమీటర్లు తేడా వచ్చినా దారం జరపాల్సిందే. దారాలు గుడి గోడలకు సమాంతరంగా ఉంటాయని అనుకోకూడదు. గోడలనే దారం నుంచి కొలవాలి. ఎక్కడ గోడ దారానికి దగ్గరైంది, ఎక్కడ దూరం జరిగింది అన్న తేడానే మనం వెతుకుతున్నది.

కొలత తీసే పద్ధతిలో అందరూ చేసే తప్పు ఒకటుంది. స్తంభం నుంచి స్తంభానికి విడివిడిగా కొలిచి చివర కూడతారు. ఒక్కో కొలతలో 3 మిల్లీమీటర్ల పొరపాటు ఒకే వైపు పడితే, పన్నెండు కొలతలకు 36 మిల్లీమీటర్లు పోగవుతుంది. టేపు సున్నా ఒక చివర బిగించి, కదపకుండా, మధ్యలో వచ్చే ప్రతి అంచునూ వరసగా చదువుకుంటూ పోవాలి. అలా చేస్తే ఏ కొలతలోని పొరపాటు ఆ కొలత దగ్గరే ఆగిపోతుంది. బట్ట టేపు వద్దు, లాగిన కొద్దీ సాగుతుంది. స్టీలు టేపు కూడా ఎండలో మారుతుంది. 30 మీటర్ల టేపు 20 డిగ్రీలు ఎక్కువ వేడెక్కితే దాదాపు 7 మిల్లీమీటర్లు పెరుగుతుంది. ఉపపీఠం చుట్టూ పొడవైన కొలతలు అందుకే పొద్దున్నే తీసుకున్నాం.

ఇంకో పొరపాటు మన భాషలోనే ఉంది. ఒకరు కొలత చదివితే ఒకరు రాస్తారు. రాతి మండపంలో మాట గుంయిమని మోగుతుంది. ‘యాభై’ అంటే ‘ఎనభై’ అని, ‘ఆరు’ అంటే ‘నూరు’ అని వినబడుతుంది. మొదటి పూట రాసుకున్న దాంట్లో మూడు చోట్ల సరిగ్గా 30 తేడా వచ్చింది. మూడూ యాభై, ఎనభై గొడవే. అప్పటి నుంచి అంకెలు విడదీసి పలికాం: ‘రెండు, నాలుగు, ఐదు, సున్నా’. రాసేవాళ్లు తిరిగి పలికాకే టేపు జరగాలి. కొలతలన్నీ మిల్లీమీటర్లలోనే. సగం సెంటీమీటర్లలో, సగం అంగుళాల్లో రాస్తే ఇంటికెళ్లాక దిద్దడం కుదరదు.

ఉపపీఠం నక్షత్రాకారం కాబట్టి దాని మూలలు దారం నుంచి లంబంగా కొలిస్తే దొరకవు. ప్రతి మూలనూ స్థానం తెలిసిన రెండు బిందువుల నుంచి కొలవాలి. రెండు దూరాలతో వృత్తలేఖినితో రెండు చాపాలు గీస్తే అవి ఖండించుకునే చోటే మూల. ఆ రెండు చాపాలు 30 డిగ్రీల కంటే తక్కువ కోణంలో ఖండించుకుంటే గీతలు ఒకదానిమీద ఒకటి పాకినట్టవుతాయి, బిందువు ఎక్కడో తేలదు. 90కి దగ్గరగా ఉండేలా నిలబడే చోటు ఎంచుకోవాలి. మూడో బిందువు నుంచి ఇంకో కొలత సరిచూసుకోవడానికి. చుట్టూ తిరిగి మొదలైన చోటికి వచ్చాక, వంద మీటర్ల నడకకు 20 మిల్లీమీటర్ల కంటే ఎక్కువ తేడా వస్తే ఆ వైపు మళ్లీ కొలిచాం. ఒక వైపు రెండుసార్లు కొలవాల్సి వచ్చింది. గాలికి టేపు విల్లులా వంగడం కారణం.

అన్నిటికంటే ఎక్కువ సమయం తీసుకున్నది ఎత్తులు. దూరాలు, కోణాలు ఒకేసారి కొలిచే టోటల్ స్టేషన్ పరికరం ఉంటే తొందరగా అవుతుంది, మాకు రెండు రోజులకే దొరికింది. మిగతాదంతా లెవల్ పైపుతోనే చేశాం. తెల్లగా కనబడే 20 మీటర్ల పైపు తీసుకోవాలి. నీళ్లు నేరుగా కుళాయి నుంచి పడితే బుడగలు చేరతాయి. బకెట్ ఎత్తులో పెట్టి, ఒక చివర ముంచి, ఇంకో చివర నుంచి నోటితో పీల్చి నెమ్మదిగా పారించాలి. పైపులో ఎక్కడ ఒక్క బుడగ ఆగినా రెండు చివర్లూ అబద్ధం చెబుతాయి. పని మొదలుపెట్టే ముందు, మధ్యాహ్నం, చివర, రెండు చివర్లనూ పక్కపక్కన పెట్టి నీళ్లు ఒకే మట్టంలో ఉన్నాయో లేదో చూసుకోవాలి. పైపులో ఒక భాగం ఎండలో, ఒక భాగం నీడలో పడుకుంటే కూడా మట్టం మారుతుంది. మేం గర్భగుడి గడప పైఅంచును సున్నాగా పెట్టుకున్నాం. మండపం నేలను అర మీటరు గళ్లుగా విభజించి ప్రతి గడి మూలలోనూ ఎత్తు రాశాం. బండ అంచులు రెండు వైపులా విడిగా రాయాలి. ఆ రెండిటి మధ్య మెట్టు ఉంటే అక్కడ నేల కుంగిందని కాదు, ఆ బండ ఒక్కటే లేచిందని అర్థం కావచ్చు.

ఈ నేల ఎందుకిలా అయిందో తెలుసుకోవాలంటే పునాది గురించి తెలియాలి. కాకతీయుల పెద్ద గుళ్లకు గొయ్యి తవ్వి ఇసుకతో నింపి, దాని మీద రాతి వరుసలు లేపారు. ఇసుక గట్టిగా నాలుగు వైపులా బిగించి ఉన్నంతవరకు బరువును సమంగా పంచుతుంది, కిందినుంచి వచ్చే కదలికను కొంత మింగుతుంది. ఆ బిగువు వదిలినా, నీళ్లు ఇసుకను కదిపి తీసుకుపోయినా, పైన రాయి దాన్ని అనుసరించి కిందికి దిగుతుంది. అందుకని గుడి ప్లాన్‌తో పాటు చుట్టూ వాననీళ్లు ఎటు పారతాయో, ఎక్కడ నిలుస్తాయో కూడా 1:500 స్కేలులో గీశాం. రామప్ప చెరువు, కట్ట, కాలువలు లేకుండా ఈ గుడి ప్లాన్ సగమే. కాకతీయుల కాలంలో ఊరు, గుడి, చెరువు ఒకే ఆలోచనలో పుట్టినవి.

స్తంభాల దగ్గర రెండు పనులు. మొదటిది ఒరుగు. స్తంభం పక్కన పై నుంచి గుండు వేలాడదీసి, దారానికీ రాయికీ మధ్య దూరం కింద, మధ్య, పైన కొలవాలి. ఒక ముఖం చాలదు, దానికి లంబంగా ఉన్న ముఖం దగ్గర కూడా. గాలికి గుండు ఊగుతుంటే నీళ్ల గిన్నెలో ముంచితే నిలబడుతుంది. రెండోది ఆకారం. లోపలి స్తంభాలు ఒకచోట నలుపలక, ఒకచోట గుండ్రం, మళ్లీ పలకలు. గుండ్రటి భాగానికి చుట్టుకొలత తీసి 3.1416తో భాగిస్తే అడ్డుకొలత వస్తుంది. కానీ చెక్కడం ఉన్న చోట దారం చుడితే అది ఉబ్బుల మీదుగా పోయి ఎక్కువ చూపిస్తుంది, అక్కడ రెండు పలకల మధ్య ఇరికించినట్టు పట్టి కొలవాలి, పలకలు రాయికి తగలకుండా. రాయికీ పలకకూ మధ్య మెత్తటి గుడ్డ పెట్టాం, దాని మందం తీసేశాం.

లేజర్ మీటర్‌ను నమ్ముకుని వచ్చేవాళ్లకు ఒక మాట. మెరుగు పెట్టిన నల్లరాయి మీద లేజర్ పక్కకు జారిపోతుంది. ఒక్కోసారి కొలత రాదు, ఒక్కోసారి వచ్చినది రాయిది కాక వెనక గోడది. తెల్ల కార్డు రాయి ముందు పట్టి కొలవడం తప్ప వేరే మార్గం లేదు. బయట ఎండలో ఎర్ర చుక్క కనపడదు. లోపల పైకప్పుకు మాత్రం ఇది బాగా పనికొచ్చింది. కాకతీయ పైకప్పులో నాలుగు దూలాల చదరం మీద మూలల్లో ముక్కోణపు రాళ్లు పరుస్తారు. దాంతో లోపల తిరగేసిన చిన్న చదరం వస్తుంది. దాని మీద ఇంకో వరుస. అలా ఖాళీ చిన్నదవుతూ పైన పద్మంతో మూసుకుంటుంది. ప్రతి వరుస అంచు కిందికీ లేజర్ పెట్టి ఎత్తు రాసుకుంటే కోత బొమ్మ, అంటే గుడిని నిలువునా కోసినట్టు చూపే బొమ్మ, దానంతటదే వస్తుంది. దూలాల మీద క్షీరసాగర మథనం, త్రిపుర సంహారం, గిరిజా కల్యాణం చెక్కి ఉన్నాయి. వాటిని కోత బొమ్మలో గీతలుగా చూపించి, శిల్పాన్ని విడిగా ఫొటోతో జతచేశాం. రెండూ ఒకే కాగితంలో ఇరికిస్తే పగుళ్లు కనబడవు. మాకు పగుళ్లు ముఖ్యం.

అధిష్ఠానం, అంటే గోడల కింది పీఠం, దాని అంచుల పక్కబొమ్మ 1:10లో గీశాం. గుండు దారం నిలబెట్టి, మూలమట్టంతో దారం నుంచి రాయి దాకా, వంపు మారిన ప్రతిచోటా కొలత. ఉపానం, పద్మం, కణిక, గజపట్టిక (ఏనుగుల వరుస), పీఠం వరుసల ఈ పేర్లు కొలత పక్కనే రాసుకోవాలి, లేకపోతే ఇంటికెళ్లాక ఏ వంపు ఏదో తెలియదు. గజపట్టికలో ఒక ఏనుగును కొలిచి మిగతా వాటికి దాన్నే అంటించకూడదు. ఏనుగుల వెడల్పులు మారతాయి. శిల్పి మూల తిరిగేచోట చోటు సరిపెట్టుకోవడానికి ఏనుగును కొంచెం కుదించాడు, ఇంకోచోట సాగదీశాడు. పని మొదలైన వైపు ఏది, ముగిసిన వైపు ఏది అని ఊహించడానికి ఇవే ఆనవాళ్లు. అన్నీ ఒకేలా గీస్తే అవి చెరిగిపోతాయి.

స్కేలు ఎంచుకునేటప్పుడు గీత మందం లెక్కలోకి తీసుకోవాలి. 1:50 బొమ్మలో 0.2 మిల్లీమీటర్ల పెన్ను గీత నేల మీద 10 మిల్లీమీటర్లతో సమానం. కాబట్టి 1:50లో 2 మిల్లీమీటర్ల ఖచ్చితత్వం కోసం కొట్టుకోవడం వృథా, 1:10లో మాత్రం అది కనబడుతుంది.

చూరు కింద ఏటవాలుగా నిలబడ్డ మదనికలను గీయడానికి ఫొటోలే ఆధారం. మూడు ముఖమండపాలకు కలిపి పన్నెండు. పాము చుట్టుకున్న నాగిని, ఎత్తు మడమల పాదరక్షలు వేసుకున్న స్త్రీ, వీటిని చూడటానికే ఎంతోమంది వస్తారు. ఫొటోలో కొలబద్ద పెట్టేటప్పుడు అది శిల్పం ఉన్న తలంలోనే ఉండాలి. కెమెరా శిల్పానికి 3 మీటర్ల దూరంలో ఉండి, కొలబద్ద శిల్పం కంటే 30 సెంటీమీటర్లు ముందుకు వస్తే, కొలబద్ద 11 శాతం పెద్దదిగా పడుతుంది, శిల్పం ఆ మేరకు చిన్నదై వస్తుంది. మదనికలు వాలుగా ఉంటాయి కాబట్టి కొలబద్దనూ అదే వాలులో పట్టాలి, కర్రకు కట్టి, తగలకుండా. నల్లరాయి మీద ఎదురు వెలుతురు పడితే అంతా నల్లటి ముద్ద. పక్క నుంచి వెలుతురు రావాలి. తూర్పు వైపు పొద్దున కాసేపే ఆ వెలుతురు ఉంటుంది. ఉత్తరం వైపు చలికాలంలో ఎండే పడదు, తెల్ల గుడ్డ కప్పిన థర్మోకోల్ షీట్‌తో వెలుతురు తిప్పుకున్నాం.

నాట్య భంగిమలు గీసేటప్పుడు మోకాలి వంపు, మడమ తిరిగిన దిక్కు, అరచేతి ముఖం తప్పకూడదు. గణపతిదేవుడి గజసేనాని జాయప నృత్తరత్నావళి అనే నాట్యశాస్త్ర గ్రంథం రాసిన కాలం ఇదే. నాట్యాచార్యుడు నటరాజ రామకృష్ణ కాకతీయుల నాటి పేరిణి నాట్యాన్ని మళ్లీ వేదిక మీదికి తెచ్చినప్పుడు ఈ శిల్పాలు ఆయనకు ఆధారం. మనం గీసిన బొమ్మలో పాదం ఒక వేలెడు పక్కకు తిరిగితే రేపు దాన్ని చూసి నేర్చుకునేవాళ్ల పాదం కూడా తిరుగుతుంది. అంతరాళ ద్వారం దగ్గర పొన్నచెట్టు, వేణుగోపాలుడు ఉన్న చెక్కడంలో సన్నటి కంబాలను తడితే స్వరాలు పలుకుతాయి. దయచేసి తట్టకండి. వచ్చినవాళ్లంతా తడితే ఎనిమిది వందల ఏళ్ల నునుపు అరిగిపోతుంది. కొలతకు కూడా మేం వేలు పెట్టలేదు.

విమానం ఎక్కడం నిషిద్ధం. దాని ఎత్తుకు లెక్క చాలు. ఉదాహరణకు 20 మీటర్ల దూరం నుంచి కొన 30 డిగ్రీల కోణంలో కనబడితే, 20ని 0.577తో గుణించి, పరికరం ఎత్తు కలపాలి. దూరం కొలిచేది కొనకు సరిగ్గా కింద ఉన్న బిందువు దాకా, గోడ దాకా కాదు. ఈ ఒక్క తప్పుతో ఎత్తు రెండు మూడు మీటర్లు మారిపోతుంది. విమానం ఇటుకలు నీళ్లలో తేలేంత తేలిక. మామూలు ఇటుక మునుగుతుంది. ఈ ఇటుక సాంద్రత 0.85 నుంచి 0.9 దాకానే, నీటి కంటే తక్కువ. ఒళ్లంతా సన్నటి రంధ్రాలు. బరువు తగ్గింది కాబట్టే కింద స్తంభాలు, ఇసుక పునాది ఇన్నాళ్లు మోశాయి. విమానం మీద తర్వాతి కాలంలో మరమ్మతు జరిగిన భాగాలు రంగు, అంచు, అతుకు చూస్తే వేరుగా తెలుస్తాయి. వాటిని బొమ్మలో వేరే గీతతో చూపించాం. ఏది పాతది, ఏది కొత్తది అన్నది గీసేవాళ్లు దాచకూడదు.

శాసనం దగ్గరికి చివర్లో వెళ్లాం. నాలుగు ముఖాల నల్లరాతి స్తంభం, మొత్తం 204 పంక్తులు. భాష సంస్కృతం, లిపి అప్పటి తెలుగు లిపి. సిరా అచ్చు తీయడానికి వేరే అనుమతి కావాలి, మేం పక్క వెలుతురు ఫొటోలతోనే సరిపెట్టుకున్నాం. ఒక్కో ముఖానికి వెలుతురు ఎడమ నుంచి ఒకటి, కుడి నుంచి ఒకటి, పై నుంచి ఒకటి తీయాలి. అక్షరంలో ఏ గీత ఏ వెలుతురులో లేస్తుందో ముందు తెలియదు. తేదీ శక సంవత్సరం 1135, శ్రీముఖ, చైత్ర శుద్ధ అష్టమి, ఆదివారం. దీన్ని క్రీస్తుశకంలోకి మార్చేటప్పుడు 78 కలపాలి, కానీ మాసం చూసుకుని. చైత్రం మార్చి, ఏప్రిల్‌లో వస్తుంది కాబట్టి 1135కు 78 కలిపితే 1213. హనుమకొండ వేయిస్తంభాల గుడి శాసనం శక 1084 మాఘమాసం నాటిది. మాఘం వచ్చేసరికి జనవరి దాటుతుంది కాబట్టి అక్కడ 79 కలపాలి, 1163 అవుతుంది. 78 కలిపినవాళ్లు 1162 రాస్తారు. సరిచూసుకోవడానికి సంవత్సరం పేరు ఉంది. మొన్నటి శ్రీముఖ 1993-94లో వచ్చింది. అరవై చొప్పున పదమూడు సార్లు వెనక్కి వెళ్తే 780 ఏళ్లు, సరిగ్గా 1213. వేయిస్తంభాల శాసనంలోని సంవత్సరం చిత్రభాను, 2002-03 నుంచి పద్నాలుగు సార్లు వెనక్కి వెళ్తే 1162-63. వారం కూడా లెక్కకట్టాం. 1213 మార్చి 31 ఆదివారమే, 1163 జనవరి 19 శాసనం చెప్పినట్టు శనివారమే. వారం కలవకపోతే తిథి తప్పు చదివామనో, సంవత్సరం తప్పు అనుకున్నామనో అర్థం.

1213లో గుడి పూర్తయిందా, మొదలైందా అన్న మీద రెండు మాటలున్నాయి. నలభై ఏళ్లు చెక్కి 1213లో ముగించారని స్థానికంగా చెబుతారు. యునెస్కో వివరణ మాత్రం 1213లో మొదలై సుమారు నలభై ఏళ్లు సాగిందంటుంది. శాసనం రుద్రేశ్వర ప్రతిష్ఠను చెబుతుంది. ప్రతిష్ఠ జరగాలంటే గర్భగుడి ఉండాలి, చూరు కింద చివరి మదనిక దాకా అయిపోవాల్సిన అవసరం లేదు. మా బొమ్మ మీద ‘1213, ప్రతిష్ఠ’ అని మాత్రమే రాశాం.

ఆవరణలో కామేశ్వరాలయం రాళ్లు విప్పి, అంకెలు వేసి, మళ్లీ కట్టే పనికి పెట్టిన గుడి. కొలత బొమ్మ ఎందుకు అని అడిగేవాళ్లను అక్కడికే తీసుకెళ్లాలి. విప్పిన ప్రతి రాయికీ ఏ వరుస, ఎన్నో రాయి, ఏ ముఖం బయటికి, ఏది పైకి అన్న నాలుగు సంగతులు కావాలి. మూడుంటే రాయి తలకిందులుగా పడే అవకాశం ఉంటుంది. వేయిస్తంభాల గుడి కల్యాణమండపాన్ని విప్పి మళ్లీ నిలబెట్టి 2024 మార్చి 8న, శివరాత్రి నాడు, తెరిచేదాకా దాదాపు పద్దెనిమిదేళ్లు పట్టింది. అలాంటి పనిలో విప్పకముందు గీసిన కొలతే చేతిలో ఉండే దారి. అది సరిదిద్ది అందంగా గీసినదైతే, రాళ్లు ఎందుకు కలవడంలేదో మేస్త్రీకి అర్థం కాదు.

ఇంటికొచ్చి గీసేటప్పుడే అసలు పరీక్ష. కంప్యూటర్‌లో సగం గుడి గీసి, రెండో సగాన్ని అద్దంలా తిప్పి అతికించడం ఒక్క నొక్కుతో అయిపోతుంది. మాలో ఒకరు దక్షిణ ముఖమండపాన్ని అలాగే తెచ్చేశారు, కొలతలు పుస్తకంలో ఉండగానే. బొమ్మ చూడ్డానికి చక్కగా ఉంది. నేల ఎత్తుల కాగితం దాని మీద పరిచి చూస్తే ఒక్క మూల కూడా కుదరలేదు. ఆ భాగమంతా తీసేసి పుస్తకంలోని కొలతలతో మళ్లీ వేశాం. స్తంభాల మధ్య దూరాల సగటు, శిల్పులు వాడిన కొలమానం ఏమై ఉంటుంది అన్న వెతుకులాట, ఇవన్నీ ఈ బొమ్మ పూర్తయ్యాక వేరే కాగితం మీద మొదలుపెట్టాం. ఆ వెతుకులాటలో స్తంభం అంచు నుంచి అంచుకు కొలత పనికిరాదు, మధ్య నుంచి మధ్యకు కావాలి. అది కూడా పైన ఒరిగిన చోట కాకుండా పీట దగ్గర.

ముద్రించిన కాగితాలు తీసుకుని ఆఖరిసారి పాలంపేట వెళ్లాం. కళ్లు మూసుకుని వేలు పెట్టినట్టు, బొమ్మ మీద ఇరవై కొలతలు ఎంచుకుని రాయి మీద మళ్లీ కొలిచాం. పదిహేడు సరిపోయాయి. రెండు చోట్ల 10 మిల్లీమీటర్ల లోపు తేడా, వదిలేశాం. ఒకచోట, ఉత్తరం వైపు కక్షాసనం పొడవులో, సరిగ్గా 30 మిల్లీమీటర్లు తక్కువ. పుస్తకం తిరగేస్తే అక్కడ ఎవరో తొందరలో యాభై అని పలికినది కనిపించింది. దాన్ని దిద్ది, దిద్దిన తేదీ పక్కన రాసి, ఒక ప్రతి కాగితం మీద, ఒకటి కంప్యూటర్‌లో, కొలతల పుస్తకాలు మూడూ యథాతథంగా ఒక పెట్టెలో పెట్టాం. పుస్తకాల్లో కొట్టివేతలు కూడా అలాగే ఉంచాం.